టోఫు బార్లు: ముందు నీళ్ళ సంగతి చూడండి

సాయంత్రం పూట పిల్లలకు బిస్కెట్లు కాకుండా ఇంకేం పెట్టొచ్చని పోయిన సంచికలో ఒకరు అడిగితే, "టోఫు, పల్లీలు కలిపి బార్లు చేసి పెట్టండి" అని ఒక్క ముక్క రాసి ఊరుకున్నాను (టోఫు అంటే సోయా పాలను విరగ్గొట్టి, పనీర్‌లా గడ్డ కట్టించినది). ఆ ఒక్క ముక్కకే ఈసారి ఉత్తరాల కట్ట వచ్చి పడింది. అందుకని ఈ నెల మిగతా ప్రశ్నలన్నీ పక్కన పెట్టాను. ఆవకాయ మీద బూజు ఎందుకు పట్టిందని అడిగినవాళ్ళు వచ్చే నెల దాకా ఓపిక పట్టాలి.

ప్రశ్న: మేడమ్ గారూ, మా అబ్బాయి ఇంజనీరింగ్ చదువుతూ జిమ్‌కు వెళ్తున్నాడు. బజార్లో ప్రొటీన్ బార్ల ఖరీదు చూస్తే గుండె గుభేలుమంటోంది. మీరు రాసింది చూసి టోఫు ప్యాకెట్టు తెచ్చి, ఖర్జూరం, ఓట్స్‌తో కలిపి మిక్సీ పట్టి, పళ్ళెంలో పరిచి ఫ్రిజ్‌లో పెట్టాను. మర్నాడు కోస్తే ముక్క నిలబడలేదు. అలాగే డబ్బాలో పెట్టిస్తే మధ్యాహ్నానికి పులిసిన వాసన వచ్చిందట. ఎక్కడ తేడా చేశాను? – ఓ తల్లి, ఖమ్మం

జవాబు: తేడా అంతా నీళ్ళ దగ్గరేనమ్మా. టోఫు చేతికి గట్టిగా తగులుతుంది కాబట్టి అదేదో పొడి వస్తువన్నట్టు వాడేస్తాం. 200 గ్రాముల గట్టి టోఫులో 140 గ్రాములకు పైగా నీళ్ళే. ఆ నీళ్ళను మీరు ఖర్జూరంతో, ఓట్స్‌తో కలిపి తిప్పేశారు. ఓట్స్ రాత్రంతా నీళ్ళు పీల్చి జావ అయ్యాయి. తడి, తీపి, దానిపైన ఖమ్మం ఎండ. ఈ మూడూ ఒక డబ్బాలో కలిస్తే పులియకుండా ఎలా ఉంటుంది? టోఫును సగానికి సగం చేస్తేగానీ బారు కుదరదు. అంటే 200 గ్రాముల ముక్క చివరికి వంద గ్రాముల పొడి రవ్వ కావాలి. అసలు పనంతా ఇదే. తక్కినది పల్లీ పట్టీ చేయడం వచ్చినవాళ్ళకు కొత్తేమీ కాదు.

ముందు రోజు రాత్రి టోఫు ప్యాకెట్టును అలాగే డీప్ ఫ్రీజర్‌లో పడేయండి. పొద్దున తీసి గది వేడికి కరగనివ్వండి. లోపలి నీళ్ళు గడ్డకట్టేటప్పుడు టోఫులో సన్నసన్న బెజ్జాలు పడతాయి. కరిగాక రెండు అరచేతుల మధ్య పెట్టి నొక్కితే నీళ్ళు బొళబొళా కారిపోతాయి. రంగు కాస్త పసుపు తిరుగుతుంది, కంగారు పడకండి. ఫ్రీజర్ లేకపోతే నూలు గుడ్డలో చుట్టి, పైన బియ్యం డబ్బానో రుబ్బురోలు పొత్రమో పెట్టి గంట వదిలేయండి. ఫ్రీజర్ పద్ధతికి సాటి రాదు గానీ పనికొస్తుంది.

తరవాత చేత్తో చిదిపి, అడుగు మందంగా ఉన్న మూకుడులో నూనె లేకుండా, సన్న సెగ మీద వేయించాలి. పదిహేను, ఇరవై నిమిషాలు పడుతుంది. ఇక్కడ తొందరపడ్డారో, మళ్ళీ మొదటి కథే. మొదట ఆవిరి వస్తుంది, తరవాత ముద్ద విడిపోతుంది, ఆఖరికి గరిటె తిప్పుతుంటే గలగలమని చప్పుడు వస్తుంది. ఆ చప్పుడు వచ్చి, అంచులు లేత బంగారు రంగుకు తిరిగాక దించండి. సోయా పచ్చి వాసన కూడా చాలావరకు ఈ వేపుడులోనే పోతుంది.

ఇక కొలతలు. వేయించి పొట్టు చెరిగిన పల్లీలు 100 గ్రాములు. ముడుచుకుపోయినవి, బూజు మచ్చ ఉన్నవి, నోట్లో వేసుకుంటే చేదుగా తగిలేవి ఏరి పారేయండి. ఈ ఒక్క విషయంలో పొదుపు వద్దు. పుట్నాల పప్పు 100 గ్రాములు, మెత్తగా పొడి కొట్టాలి. తడి పీల్చుకునే పని ఇదే చేస్తుంది, ఓట్స్ అక్కర్లేదు. వేయించిన నువ్వులు 30 గ్రాములు, గింజ తీసిన మెత్తటి ఖర్జూరం 120 గ్రాములు, బెల్లం 60 గ్రాములు, యాలకుల పొడి, అర చెంచా శొంఠి, చిటికెడు ఉప్పు. శొంఠి మానకండి. వేపుడులో పోగా మిగిలిన సోయా వాసన మీదికి యాలకులొక్కటే చాలవు.

పల్లీలను మిక్సీలో ఆపి ఆపి తిప్పండి. ఒకే ఊపున తిప్పితే నూనె దిగి ముద్దవుతుంది. టోఫు రవ్వను కూడా ఒక్క తిప్పు తిప్పితే చాలు. ఖర్జూరాన్ని విడిగా రుబ్బి పెట్టుకోండి. బెల్లంలో రెండు చెంచాల నీళ్ళు పోసి ఉండపాకం పట్టండి. చిన్న గిన్నెలో నీళ్ళు పోసి చుక్క వేస్తే చేతికి మెత్తటి ఉండ రావాలి. పొయ్యి ఆర్పేశాక అందులో ఖర్జూరం ముద్ద, ఆపైన పొడులన్నీ వేసి కలపండి. నెయ్యి రాసిన పళ్ళెంలో అరంగుళం మందాన పరిచి, గిన్నె అడుగుతో గట్టిగా అదమండి. ఎంత అదిమితే ముక్క అంత నిలబడుతుంది.

ఓవెన్ ఉంటే 160 డిగ్రీల దగ్గర ఇరవై నుంచి ఇరవై అయిదు నిమిషాలు. లేకపోతే పచ్చిగానే ముక్కలు కోసి, పెనం మీద సన్న సెగన ఒక్కో వైపు అయిదారు నిమిషాలు కాల్చండి. నాకైతే పెనం మీద కాల్చినవే ఇష్టం, పైన సన్నటి కరకర వస్తుంది. ఓవెన్‌లో చేస్తే పది నిమిషాలు ఆరాక, వేడి ఉండగానే కోయాలి. పూర్తిగా చల్లారాక కత్తి పెడితే పొడి రాలుతుంది.

పన్నెండు బార్లు వస్తాయి. ఇంత చేసినా ఇవి ఫ్రిజ్ సరుకేనని గుర్తుపెట్టుకోండి. ఫ్రిజ్‌లో అయిదు రోజులు, ఫ్రీజర్‌లో ఒక నెల. అబ్బాయి పొద్దున ఫ్రీజర్‌లోంచి తీసి డబ్బాలో పెట్టుకుపోతే పదకొండింటికి తినడానికి సరిగ్గా ఉంటుంది. సాయంత్రం దాకా అట్టే పెట్టుకోవద్దని చెప్పండి.

ప్రశ్న: మేడం, మాది ఇచ్చోడ దగ్గర పల్లె. మా చేన్ల ఏటా సోయా వేస్తం. గింజలు ఇంట్లనే ఉన్నయి గని టోఫు మా దిక్కు దొరకది. ఇంట్ల చేసుకోరాదా? – డిగ్రీ విద్యార్థిని, ఆదిలాబాద్ జిల్లా

జవాబు: ఎందుకు రాదమ్మా, శుభ్రంగా చేసుకోవచ్చు. సోయా పండించే ఊళ్ళో ఉండి టోఫు దొరకదని ఉత్తరం రాయాల్సి రావడం నాకు బాధగానే ఉంది. ఆదిలాబాద్, నిజామాబాద్, కామారెడ్డి చేలల్లో పండినదంతా నూనె మిల్లులకూ, కోళ్ళ దాణాకూ పోతుంది. పండించిన ఇంట్లో మాత్రం పిడికెడు వండరు.

ముందు ఒక హెచ్చరిక. విత్తనం కోసం తెచ్చి, మందు పట్టించిన గింజలు మిగిలి ఉంటే వాటిని వంటింటి గడప దాటనివ్వకు. కడిగితే పోయే మందు కాదది. తినడానికి వేరుగా దాచిన గింజలే తీసుకో.

పావుకిలో గింజలు రాత్రి నానబెట్టి, పొద్దున అరచేతులతో రుద్ది పొట్టు తేల్చి పారబోయి. వేడి నీళ్ళు పోస్తూ రుబ్బు. చన్నీళ్ళతో రుబ్బితే పచ్చి వాసన ఎక్కువ వస్తుంది, వేడి నీళ్ళు దాన్ని మొదట్లోనే అణుస్తాయి. అన్నీ కలిపి రెండు లీటర్ల నీళ్ళదాకా పట్టనీ. పలుచటి గుడ్డలో వడకట్టి, పాలను పెద్ద గిన్నెలో పొయ్యి మీద పెట్టు. పెద్ద గిన్నె అని ఊరికే అనలేదు. సోయా పాలు నిజంగా కాగక ముందే నురగ కట్టి పైకి పొంగుతాయి. కాగాయనుకుని అక్కడే దించేస్తారు చాలామంది. ఆ పొంగు నమ్మొద్దు. మంట తగ్గించి, అడుగంటకుండా కలుపుతూ ఇంకో పది నిమిషాలు మరగనీ. పచ్చి సోయాలో మన పొట్టలో ప్రొటీన్ అరగకుండా అడ్డుపడే పదార్థాలుంటాయి. వాటిని చంపేది ఈ మరుగే. అరకొరగా కాచిన పాలు తాగి కడుపుబ్బరం వచ్చిందంటే కారణం ఇదే.

దించి అయిదు నిమిషాలు ఆగాక, రెండు నిమ్మకాయల రసం గ్లాసు నీళ్ళలో కలిపి, మూడు విడతలుగా పోస్తూ మెల్లగా తిప్పు. ఇక గరిటె పెట్టకుండా పావుగంట వదిలెయ్యి. అడుగున విరిగిన ముక్కలు, పైన లేత పసుపు తేట నీళ్ళు కనిపించాలి. నీళ్ళు ఇంకా తెల్లగానే ఉంటే మరికొంచెం నిమ్మరసం. గుడ్డలో వంపి, మూట కట్టి, మీద బరువు పెట్టు. కూరకైతే అరగంట బరువు చాలు. బార్లకు రెండు గంటలు ఉంచు. ఇంచుమించు 350 నుంచి 400 గ్రాములు వస్తుంది.

గుడ్డలో మిగిలిన పిప్పి పారేయొద్దు. ఒక్క పూటలోనే పాడవుతుంది కాబట్టి వెంటనే వాడెయ్యి. జొన్నపిండిలో కలిపి రొట్టె చెయ్యొచ్చు, శనగపిండి, ఉల్లిపాయ కలిపి గారెలు వెయ్యొచ్చు. లేదా మూకుట్ల తడి లేకుండా వేయించి బార్లలో పుట్నాల పొడి సగానికి బదులు కలుపు. దాన్ల పీచు బాగుంటది.

ప్రశ్న: ఒక్కో బారులో 20 గ్రాముల ప్రొటీన్ రావాలంటే ఎంత టోఫు వేయాలి? సోయా ఎక్కువ తింటే మగవాళ్ళలో ఆడ హార్మోన్ పెరుగుతుందని మా జిమ్‌లో అంటున్నారు. నిజమేనా? – గుంటూరు

జవాబు: 20 గ్రాములు రాదు నాయనా, ముందే చెప్పేస్తున్నాను. లెక్క చూడు. 200 గ్రాముల గట్టి టోఫులో ప్రొటీన్ సుమారు 28 గ్రాములు. కంపెనీని బట్టి అటూ ఇటూ ఉంటుంది, ప్యాకెట్టు వెనక చూసుకో. పల్లీల్లో 24, పుట్నాల్లో 20, నువ్వుల్లో 6, ఖర్జూరంలో మహా అయితే 3. మొత్తం సుమారు 80 గ్రాములు. పన్నెండు భాగాలు చేస్తే ఒక్కోదానిలో ఆరున్నర, ఏడు గ్రాములు, అంటే ఒక కోడిగుడ్డంత. కేలరీలు 160 దాకా ఉంటాయి. టోఫు పేరు పైన పెట్టుకున్నాం గానీ మూడింట రెండు వంతులు మోస్తున్నది పల్లీలు, పప్పులు, నువ్వులే.

టోఫుతోనే 20 గ్రాములు రావాలంటే ఒక్కో బారులోకి 150 గ్రాముల టోఫు దూర్చాలి. దాన్ని బారు అనరు, కూర అంటారు. బజారు బార్లలో ఆ అంకె వచ్చేది పాల నుంచో సోయా నుంచో ప్రొటీన్ ఒక్కటే విడదీసి తీసిన పొడి వల్ల. మన మిక్సీ ఆ పని చేయలేదు.

పెంచుకునే దారి ఒకటుంది. మీల్‌మేకర్ 50 గ్రాములు కరకరలాడేలా వేయించి మెత్తగా పొడి కొట్టి కలుపు. అందులో సగానికి సగం ప్రొటీనే కాబట్టి మరో 26 గ్రాములు చేరతాయి. పదమూడు బార్లు వస్తాయి, ఒక్కోటి ఎనిమిది గ్రాములు దాటుతుంది. అంతకంటే ఎక్కువ వేస్తే రంపప్పొట్టు నమిలినట్టుంటుంది, అది నీ ఇష్టం.

నీకెంత కావాలో కూడా చూసుకో. మన జాతీయ పోషకాహార సంస్థ, అదే హైదరాబాద్ తార్నాకలో ఉన్నది, పెద్దవాళ్ళకు కిలో బరువుకు రోజుకు 0.83 గ్రాములు చాలంటుంది. 65 కిలోల మనిషికి 54 గ్రాములు. గట్టిగా బరువులెత్తేవాళ్ళకు ఇంకాస్త ఎక్కువే పడుతుంది, కాదనను. అయినా రెండు పూటలా పప్పు, ఒక గుడ్డు, గిన్నెడు పెరుగు, ఒక బారు అయ్యాక ఇంకా ఎంత మిగులుతుందో లెక్క వేసుకుని అప్పుడు ప్రొటీన్ పొడి డబ్బా కొనుక్కో. కండల కోసం ప్రొటీన్ పొడులు వాడొద్దని అదే సంస్థ 2024లో ఇచ్చిన ఆహార మార్గదర్శకాల్లో చెప్పింది.

ఇదే సంస్థ ఎప్పుడో రూపొందించిన 'హైదరాబాద్ మిక్స్' అనేదొకటి ఉంది. హోమ్ సైన్స్ పాఠం చెప్పిన రోజుల్లో మా పిల్లలచేత చేయించేదాన్ని. వేయించిన గోధుమలు 40 గ్రాములు, శనగపప్పు 16, వేరుశనగ 10, బెల్లం 20. దీంతో 330 కిలో కేలరీలు, 11 గ్రాముల పైచిలుకు ప్రొటీన్. ఎదుగుదల లేని పసిపిల్లల కోసం చేసిన పొడి అది. ఇప్పుడు మనం బార్లంటూ చేస్తున్నది దానికి మనవడి వరస. పల్లీ, పప్పు, బెల్లం కలయిక ఎంత గట్టిదో తెలుస్తుందని చెప్పాను.

హార్మోన్ మాటకొస్తే, సోయాలో ఐసోఫ్లేవోన్లనే పదార్థాలున్నాయి. వాటి రూపు ఈస్ట్రోజెన్ అనే ఆడ హార్మోన్‌కు కొంచెం దగ్గర కాబట్టి ఈ పుకారు పుట్టింది. మగవాళ్ళ మీద జరిగిన పరిశోధనలన్నీ కలిపి చూసినా టెస్టోస్టిరాన్ అనే మగ హార్మోన్ తగ్గినట్టు తేలలేదు. రోజుకు ఒకటి రెండు బార్లకు భయం లేదు. మూత్రపిండాల జబ్బు ఉన్నవాళ్ళు మాత్రం ఏ ప్రొటీన్ బారైనా సరే, డాక్టరు గారిని అడగకుండా ముట్టుకోవద్దు.

ప్రశ్న: నాకు థైరాయిడ్ ఉంది. రోజూ మాత్ర వేసుకుంటాను. సోయా అస్సలు తినకూడదని మా ఆడపడుచు గట్టిగా చెబుతోంది. – కాకినాడ

జవాబు: ఆవిడ మాటలో సగం నిజముంది. సోయా మీ థైరాయిడ్ గ్రంథిని పాడు చేయదు, అయోడిన్ ఉప్పు వాడుతున్నారు కదా. అది అడ్డుపడేది మాత్ర ఒంటపట్టడానికి. పరగడుపున మాత్ర వేసుకుని, వెంటనే సోయా పాలో టోఫు బారో తిన్నారంటే మందు పూర్తిగా లోపలికి వెళ్ళదు. మధ్యలో నాలుగు గంటల ఎడం పెట్టి, సాయంత్రం పూట తినండి. కొత్తగా రోజూ తినడం మొదలుపెడితే మీ డాక్టరు గారికి చెప్పండి, తరవాతి రక్తపరీక్ష చూసి మోతాదు సంగతి ఆయన తేలుస్తారు.

ప్రశ్న: మా అమ్మాయి డల్లాస్‌లో ఎమ్మెస్ చదువుతోంది. వచ్చే వారం వాళ్ళ స్నేహితురాలు వెళ్తోంది. ఈ బార్లు ఓ రెండు కిలోలు చేసి పంపుదామనుకుంటున్నాను. ప్యాకింగ్ ఎలా చేయాలి? – నెల్లూరు

జవాబు: చేయొద్దమ్మా. ఇక్కడ బయల్దేరి అక్కడ ఫ్రిజ్ చేరేసరికి రోజున్నర దాటుతుంది. టోఫు బారు అంతసేపు బయట ఆగదు. పంపాలనుకుంటే టోఫు, ఖర్జూరం రెండూ తీసేసి, పల్లీలు, నువ్వులు, పుట్నాలు, ముదురు బెల్లం పాకంతో పట్టీలు పట్టి పంపండి. లేదా సున్నుండలు. మినప్పప్పులో ప్రొటీన్ తక్కువేం కాదు, వందకు పాతిక గ్రాముల దాకా ఉంటుంది. తడి లేదు కాబట్టి నెల రోజులకు ఢోకా లేదు.

టోఫు అంటారా, అది అక్కడే బాగా దొరుకుతుంది. చాలా రకాలుంటాయి, వాటిలో 'ఎక్స్‌ట్రా ఫర్మ్' అని రాసి ఉన్నది తీసుకోమనండి. 'సిల్కెన్' అన్నది వద్దు, జున్నుకన్నా మెత్తన, బార్లకు పనికిరాదు. మొదటి జవాబును ఫోటో తీసి పంపితే అమ్మాయే చేసుకుంటుంది. పుట్నాలు అక్కడి ఇండియన్ స్టోర్లలో ఉంటాయి.

ప్రశ్న: మా అత్తమ్మకు డెబ్బై ఎనిమిదేళ్ళు. పండ్ల సెట్టు పెట్టుకుంటది. పల్లి పట్టి నమలలేదు. పైగా షుగర్. ఆమెకు మీ బార్లు పెట్టొచ్చా? – హన్మకొండ

జవాబు: ఈ ఉత్తరం కోసమే ఎదురుచూస్తున్నాను. టోఫు అసలు పనికొచ్చేది జిమ్ పిల్లవాడికంటే మీ అత్తమ్మకు. ఆ వయసులో అన్నం తగ్గుతుంది, పప్పు తగ్గుతుంది, కండ కరుగుతుంది. మెత్తగా ఉండి ప్రొటీన్ ఇచ్చేవి వేళ్ళమీద లెక్కపెట్టేన్ని. అయితే తీపి బారు మాత్రం వద్దు. బెల్లం మానేసి ఖర్జూరం వేస్తే షుగర్‌కు మంచిదని చాలామంది అనుకుంటారు. ఖర్జూరంలోనూ ముప్పాతిక వంతు పిండిపదార్థమే, అదీ ఎక్కువ భాగం చక్కెర రూపంలో.

కారం బారు చేయండి. బారంటే తీపే ఉండాలని రూలేం లేదు కదా. 200 గ్రాముల టోఫును గుడ్డలో నొక్కి నీళ్ళు తీసేసి చిదమండి. దీనికి మూకుట్లో వేయించక్కర్లేదు, ఆ కాస్త తడే మెత్తదనాన్నిస్తుంది. 100 గ్రాముల శనగపిండి కమ్మటి వాసన వచ్చేదాకా వేయించి కలపండి. 50 గ్రాముల ఓట్స్ పొడి, రెండు చెంచాల నువ్వులు, నలిపిన వాము, జీలకర్ర, సన్నగా తరిగిన కరివేపాకు గుప్పెడు, అల్లం పచ్చిమిర్చి ముద్ద, ఉప్పు, రెండు చెంచాల నూనె. నీళ్ళు పోయకండి. చేత్తో పిసికితే టోఫు తడికే ముద్దవుతుంది, మరీ విడిపోతుంటే ఒక చెంచా పెరుగు. నూనె రాసిన గిన్నెలో వేలు మందాన అదిమి, ఇడ్లీ కుక్కర్లో పావుగంట ఆవిరి పట్టండి. చల్లారాక పది ముక్కలు కోసి, పెనం మీద రెండు వైపులా కాల్చండి. అత్తమ్మకు మెత్తగా కావాలంటే అసలు కాల్చకుండానే ఇవ్వండి. ముక్కకు ఆరు గ్రాముల ప్రొటీన్ వస్తుంది, అయితే శనగపిండి, ఓట్స్ ఉన్నాయి కాబట్టి పిండిపదార్థం సున్నా కాదు. సాయంత్రం టీతో రెండు ముక్కలు పెట్టి, ఆ మేరకు రాత్రి రొట్టె తగ్గించండి. సోయా ఎప్పుడూ తినని మనిషైతే మొదటి రోజు అర ముక్క పెట్టి చూడండి. కొందరికి సోయా పడదు, దురదలు, దద్దుర్లు వస్తాయి. ఫ్రిజ్‌లో మూడు రోజులకు మించి ఉంచకండి.

ఇంట్లో అందరూ ఇవే తినేస్తారు, అత్తమ్మ వాటా ముందే తీసి పక్కన పెట్టండి.

ప్రశ్న: టోఫు బదులు పనీర్ వాడొచ్చా? – తిరుపతి

జవాబు: కారం బారులో నిక్షేపంగా వాడొచ్చు. ప్రొటీన్ ఏమీ తగ్గదు, కొవ్వు మాత్రం పెరుగుతుంది కాబట్టి రెండు చెంచాల నూనె మానేయండి. తీపి బారులో వద్దు, పనీర్‌ను టోఫులాగా సన్న సెగన అంతసేపు వేయిస్తే పొడి అవదు, రబ్బరులా అవుతుంది.